గృహమున డీజే విద్య

పెండ్లి ముహూర్తములు దగ్గఱపడినచో విజయవాడలో బెంజ్ సర్కిల్ పరిసరములందు నివసించువారికి పంచాంగము చూడనక్కఱ లేదు. సాయంకాలమగునప్పటికి బందరు రోడ్డు మీదనో పటమట వైపుననో యొక వ్యాను బయలుదేరును. దానిపై మనిషి యెత్తునకు మించిన స్పీకరు పెట్టెలు వరుసగా నిలిపి యుందురు. అది వీధి మొగను తిరుగుచుండగనే ఇండ్ల కిటికీ తలుపులు గడగడలాడును. అలమారలోని స్టీలు గిన్నెలు ఒకదానికొకటి తగిలి మ్రోగును. అప్పుడే నిదురపోయిన చంటిబిడ్డ యులికిపడి లేచును. ఇది యేమని యడిగినచో "డీజే వచ్చినది" యని చిన్నపిల్లలు సయితము చెప్పుదురు. పెట్టెలను డీజే యందురు. వ్యానును డీజే యందురు. ఆ మ్రోతను డీజే యందురు. ఆ పేరు గల మనుష్యుడొకడు ఉండవలెననియు, అతడు చేయు పనికి ఒక విద్య కలదనియు తలచువారు అరుదు.

ఈ నెల మేము ఆ విద్యను గుఱించి వ్రాయదలచితిమి. గృహిణులు చదువు పత్రికలో దీనికేమి పని యని కొందఱు ఆశ్చర్యపడవచ్చును. కాని ఈ విద్య సుమారు ఇరువదియైదేండ్ల క్రిందటనే మన యిండ్లలోనికి, గది మూలనున్న కంప్యూటరు బల్ల మీదికి వచ్చి కూర్చున్నది. నాడు బయలుదేరిన చిన్న చిన్న సాఫ్టువేరులు దీనిని కొద్ది ఖర్చుతో, ఇరుగుపొరుగువారికి వినబడకుండ, స్త్రీలును పిల్లలును ఇంట కూర్చుండి నేర్వదగిన దానినిగా చేసినవి. ఇంటిలోనికి వచ్చినది విద్య. వీధిలో మిగిలినది మ్రోత. ఈ రెంటికి గల భేదము తెలియనిదే మన పెండ్లిండ్లలో దేనిని ఉంచుకొనవలెనో, దేనిని మానవలెనో, ఇంటి యాడపిల్ల ఈ పని నేర్చుకొందునన్నచో ఏమి బదులు చెప్పవలెనో మనము నిర్ణయింపజాలము.

డీజే యనునది 'డిస్కు జాకీ' యను మాటకు పొట్టి రూపు. గ్రామఫోను ప్లేట్లను నడుపువాడని దాని భావము. నిమిషమునకు 78 చుట్లు తిరుగు పాతకాలపు ప్లేటు ఒక్కొక్క ప్రక్క మూడు నాలుగు నిమిషములకంటె పాడదు. పాట ముగిసిన పిమ్మట ఆ ప్లేటు తీసి, వేఱొకటి పెట్టి, ముల్లు సవరించునప్పటికి వినువారి మనస్సు చెదరును. అందుచే రేడియో కేంద్రములలో రెండు పళ్లెములుంచి, ఒకటి పాడుచుండగా రెండవదానిని సిద్ధపఱచుకొనుట వాడుకయైనది. పాటకును పాటకును ఎడము లేకుండుట ఈ విద్యలో మొదటి మెట్టు. మొదటి పాట తోకను రెండవ పాట తలతో, తాళము తప్పక, ఆడువారి యడుగు తడబడక, కలిపి కుట్టుట రెండవ మెట్టు. దీనినే వారు మిక్సింగు అందురు.

ఇట్టి పని మన దేశమునకు క్రొత్తది కాదు. కూచిపూడి మన కృష్ణాతీరపు గ్రామమే గదా. ఆ నాట్యమున నట్టువాంగము పట్టువారు తాళములు చేతబట్టి, చూపు నర్తకి పాదముల మీదను, చెవి మృదంగము మీదను నిలిపి, ఒక ఘట్టమునుండి మఱియొక ఘట్టమునకు మేళమంతయు ఒక్క త్రాటిమీద నడుచునట్లు చూతురు. వారు పాడుటయు లేదు, ఆడుటయు లేదనిపించును. కాని వారి చేయి ఒక్క క్షణము తప్పినచో ఆటయు పాటయు రెండును చెడును. మంచి డీజే ఆ నట్టువాంగమునకు దూరపు చుట్టమని మేము తలతుము.

ఈ విద్య ఇప్పటి రూపమునకు వచ్చినది అమెరికాలోని న్యూయార్కు నగరమున. అచ్చట 1969 ప్రాంతమున ఫ్రాన్సిస్ గ్రాసో యను యువకుడు నాట్యశాలలో రెండు పళ్లెముల వేగమును చెవితో సరిచూచి, ఒక పాట యుండగనే రెండవ పాటను దానిలోనికి దింపుట యలవాటు చేసెను. 1972లో జపానుదేశపు మత్సుషిత కంపెనీ టెక్నిక్స్ పేరిట ఎస్‌ఎల్-1200 యను పళ్లెపు యంత్రమును విడుదల చేసినది. అందు రబ్బరు పట్టీ లేదు. మోటారే నేరుగా పళ్లెమును త్రిప్పును. కావున అది చేతితో ఆపినను, విడిచిన వెంటనే సరియైన వేగము నందుకొనును. 1979లో వచ్చిన దాని రెండవ రూపమున, వేగమును నూటికి ఎనిమిది పాళ్ల వఱకు హెచ్చించుటకును తగ్గించుటకును ఒక జారుడు మీట నమర్చిరి. పిమ్మట వచ్చిన సాఫ్టువేరులన్నియు ఆ మీటనే కంప్యూటరు తెఱ మీద బొమ్మగా గీసినవి.

ఈ కథలో ఒక సోదరికి గల పాత్రను మా చదువరులు తెలిసికొనదగును. 1973 ఆగస్టు 11వ తేదీన న్యూయార్కులోని బ్రాంక్స్ ప్రాంతమున, ఒక అపార్టుమెంటు భవనపు క్రింది గదిలో సిండీ కాంబెల్ అను బాలిక యొక వినోదసభ నేర్పాటు చేసెను. బడులు తెఱచునప్పటికి క్రొత్త బట్టలు కొనుక్కొనుటకు ఆమెకు కొంత సొమ్ము కావలసెను. ప్రవేశమునకు స్వల్ప రుసుము పెట్టి, పాటలు వేయు పని తన యన్నకు ఒప్పగించెను. ఆ యన్నయే తరువాత కూల్ హెర్క్ అను పేర ప్రసిద్ధుడయ్యెను. పాటలో నాట్యమునకు అనువగు వాద్యభాగమును రెండు ప్లేట్ల సాయముతో పొడిగించుట అతని నేర్పు. హిప్-హాప్ సంగీతము ఆ సభలోనే పుట్టినదని చెప్పుట పరిపాటి. ఇంటి యాడపిల్ల పూనికతో, ఇంటివారి యంత్రముతో, చదువు ఖర్చుల కొఱకు జరిగిన సభ యది.

ఐనను ఆ రోజులలో ఈ విద్య మన యిండ్లకు అందునది కాదు. రెండు ఖరీదైన పళ్లెపు యంత్రములు, వానిని కలుపు మిక్సరు పెట్టె, ఒక్కొక్క పాట రెండేసి చొప్పున ప్లేట్లు కావలెను. మనవారు 1980 దశాబ్దమునకు క్యాసెట్లకు అలవాటుపడిరి. పాటల జాబితాను కాగితముపై వ్రాసి దుకాణములో నిచ్చి, రెండు మూడు దినములకు క్యాసెట్టు తెచ్చుకొన్న సంగతి మా చదువరులలో నడివయస్సువారికి గుర్తుండును. ఆ టేపును పళ్లెమువలె చేతితో నిలుపుటకును, కావలసిన చోటికి క్షణములో త్రిప్పుటకును వీలు లేదు. వినుటకు క్యాసెట్టు చాలును గాని కలుపుటకు చాలదు.

దారి తెఱచినది ఎంపీ3 యను పద్ధతి. సీడీలోని సంగీతము క్షణమునకు 44,100 కొలతలుగా, రెండు చెవులకు రెండు పాయలుగా వ్రాయబడి యుండును. అట్లు వ్రాసిన అయిదు నిమిషముల పాట సుమారు 50 మెగాబైట్ల చోటు నాక్రమించును. జర్మనీలోని ఫ్రౌన్‌హోఫర్ సంస్థ శాస్త్రజ్ఞులు, మఱికొందఱితో కలసి, మనుష్యుని చెవి పట్టించుకొనని ధ్వనులను విడిచిపెట్టి, ఆ పాటనే అయిదు మెగాబైట్లకు కుదించు ఉపాయము కనిపెట్టిరి. ఈ పనిలో ముఖ్యుడైన కార్ల్‌హైంజ్ బ్రాండెన్‌బర్గ్ తన యుపాయమును పరీక్షించుటకు సుజాన్ వేగా యను గాయని వాద్యములు లేక పాడిన 'టామ్స్ డైనర్' అను పాటను మాటిమాటికి వినెను. ఒంటరి స్త్రీకంఠమున ఏ చిన్న లోపము కలిగినను చెవి పట్టివేయునట. ఆ కంఠము చెడకుండునంతవఱకు ఉపాయమును సవరించుచు పోయిరి. 1995 జూలై 14వ తేదీన దానికి ఎంపీ3 యను పేరు స్థిరమైనది. కొలది యేండ్లలో నూటయేబది పాటలు గల ఎంపీ3 సీడీలు మన బజారులలోనికి వచ్చినవి. పాటల పెట్టె కంప్యూటరులో చేరినది. ఇక వానిని కలుపు పనిముట్టు మాత్రమే కావలసి యుండెను.

అట్టి పనిముట్లు 1990 దశాబ్దపు కడపటి యేండ్లనుండి ఒకటి వెంట ఒకటి బయలుదేరినవి. జర్మనీనుండి బీపీఎం స్టూడియో, అమెరికానుండి పీసీడీజే వచ్చినవి. 2000 సంవత్సరమున బెర్లిను నగరపు నేటివ్ ఇన్‌స్ట్రుమెంట్స్ సంస్థ ట్రాక్టర్ అను దానిని విడుదల చేసెను. ఆ యేండ్లలోనే అటామిక్స్ ఎంపీ3 యనునది వెలువడి, 2003లో వర్చువల్ డీజే యను పేర పెరిగినది. హాలండులోని ఎన్2ఐటీ యనువారు ఫైనల్ స్క్రాచ్ అను చిత్రమైన ఏర్పాటు చేసిరి. అందు పళ్లెము మీద నిజమైన ప్లేటే తిరుగును, కాని దానిలో పాట యుండదు. ముల్లు ఎచ్చట నున్నదో కంప్యూటరునకు తెలుపు గుర్తు మాత్రమే యుండును. ఇవి యిట్లుండ, 2001లో డెన్మార్కు దేశపు పరిశోధక విద్యార్థి టూ హాస్టె ఆండర్సన్ తన పరిశోధనలో భాగముగా మిక్స్ అను సాఫ్టువేరును వ్రాయ మొదలిడెను. దాని పేరున ఇంగ్లీషులో 'ఎక్స్' అక్షరము మూడుమార్లు వచ్చును. అది యెవరైనను ఉచితముగా తీసికొని, దాని లోపలి వ్రాతను సయితము చూచి సవరించుకొనదగినట్టిది. స్వచ్ఛంద సేవకుల శ్రమవలన అది నేటికిని పెరుగుచు ఉచితముగనే లభించుచున్నది.

వీని తెఱ యంతయు దాదాపు ఒక్క తీరుననే యుండును. ఎడమవైపు ఒక పళ్లెము, కుడివైపు ఒక పళ్లెము, ఒక్కొక్కదానికి వేగపు మీట, నడుమ ఒక పాటనుండి రెండవ పాటకు జారు క్రాస్‌ఫేడరు, క్రింద పాటల జాబితా. పాట యొక్క రూపము కొండలు లోయలుగా గీయబడి కదలుచుండును. తాళపు దెబ్బ పడుచోట కొండ కనబడును. ఆ రోజుల ఇంటి కంప్యూటరునకు ఒక్క ఎంపీ3 పాటను విప్పి పాడుటయే కొంత శ్రమ. ఏకకాలమున రెండు పాటలు నడుపుమనగా పాత యంత్రములు నడుమ నడుమ గొంతు పట్టినట్లు ఆగుచుండెడివి. మీట నొక్కిన తరువాత ధ్వని వినవచ్చుటకు కొంచెము ఆలస్యమగుటయు నుండెను. తాళము విషయమున ఆ కొంచెమే పెద్ద తప్పు.

ఈ విద్యకు మూలము చేయి కాదు, చెవి. సభవారు మొదటి పాటను స్పీకరులో వినుచుండగా, కలుపువాడు రెండవ పాటను హెడ్‌ఫోనులో తానొక్కడే ముందుగా వినవలెను. ఇందు కొఱకు ధ్వని బయటికి పోవుటకు రెండు దారులు కావలెను. ఇంటి కంప్యూటరులో సామాన్యముగా నొక్క సౌండుకార్డే యుండును. శక్తిగలవారు రెండవ కార్డు కొనిరి. లేనివారు సులభమైన మార్గము కనిపెట్టిరి: ఎడమ చెవికి పోవు పాయను స్పీకరునకును, కుడి చెవి పాయను హెడ్‌ఫోనునకును చీల్చి, చవుకైన చీలిక తీగతో పని గడుపుకొనిరి. ధ్వని వైశాల్యము తగ్గును గాని నేర్చుకొనుటకు లోపము లేదు. మన యిండ్లలో వంటచెఱకు లేనప్పుడు పొట్టుపొయ్యి పెట్టుకొన్నట్టి నేర్పే యిది.

ఇక లయను గుఱించి. ఒక పాటలో నిమిషమునకు 100 దెబ్బలు పడుచున్నవనుకొందము, రెండవదానిలో 104. రెంటిని ఒకేసారి మొదలుపెట్టినచో తొలి దెబ్బలు కలసియే పడును. కాని ఏడున్నర క్షణములు గడచునప్పటికి ఒకదాని దెబ్బ రెండవదాని దెబ్బల నడుమ పడును. అప్పుడు వినువారికి ఇద్దఱు రోకళ్లు ఎత్తి దంచుచు తప్పిపోయినట్లు తోచును. కావున రెండవ పాట వేగమును నూటికి సుమారు నాలుగు పాళ్లు తగ్గింపవలెను. తగ్గించిన తరువాత, మొదటి పాటలో ఆవృత్తము ముగిసి సమము పడునప్పుడే రెండవ పాట సమము పడునట్లు విడువవలెను. ఒకే రోట ఇద్దఱు మువ్వురు పోటు వేసి దంచుట చూచిన మన పెద్దలకు ఇది చెప్పనక్కఱ లేదు. కోలాటపు కోపులు నేర్చిన బాలికకును ఇది సులభముగనే పట్టుబడును.

వేగము మార్చినచో శ్రుతియు మాఱుట పళ్లెపు యంత్రముల స్వభావము. వేగము నూటికి ఆఱు పాళ్లు హెచ్చించినచో పాట యంతయు ఒక స్వరస్థానము మీదికి పోవును. ఒకటి శ్రుతిలో పాడినది ఒకటిన్నర శ్రుతిలో పాడినట్లగును. గాయకుని కంఠము పిల్లవాని గొంతువలె వినబడుటకు ఇదియే కారణము. శ్రుతి తల్లి, లయ తండ్రి యని మనవారు చెప్పుదురు గదా. పళ్లెపు యంత్రమున ఈ యిద్దఱిని విడదీయ వీలు లేకుండెను. కంప్యూటరు మాత్రము పాటను మిక్కిలి చిన్న తునకలుగా కోసి, తునకల ఎడమును మార్చి, శ్రుతిని కదల్పక లయను మాత్రమే మార్చు శక్తి కలది. మొదట ఈ యేర్పాటు వలన కంఠము కొంచెము వణికెడిది, క్రమముగా బాగుపడినది. సంగీతము నేర్చినవారికి ఇదియొక చక్కని పరీక్ష. ఒకే పాటను శ్రుతి మార్చి యొకసారి, లయ మార్చి యొకసారి వినిపించినచో, చిన్నపిల్లలకు ఆ రెంటి భేదము పాఠము చెప్పకయే తెలియును.

ఆ తొలినాటి సాఫ్టువేరులు పాశ్చాత్యుల నాట్యసంగీతమును మనస్సున నుంచుకొని చేయబడినవి. ఆ సంగీతము యంత్రపు డప్పు మీద నడచును. మొదటి దెబ్బ నుండి కడపటి దెబ్బ వఱకు వేగము వెండ్రుకవాసి మాఱదు. నాలుగేసి దెబ్బల లెక్క. అందుచే దెబ్బలు లెక్కించు మీట అచ్చట సరిగా పనిచేసెను. మన పాటల సంగతి వేఱు. 1922లో కృష్ణామండలమున చౌటపల్లిలో జన్మించిన ఘంటసాల వేంకటేశ్వరరావుగారి కాలపు పాటలలో వాద్యగాండ్రందఱు ఒక్కచోట కూర్చుండి వాయించిరి. పల్లవి కొంచెము నెమ్మది, చరణము కొంచెము వడి. పాట యూపిరి పీల్చినట్లు సాగుచు కుదించుకొనును. యంత్రము ఒక్క సంఖ్య చెప్పుమన్నచో అది తికమకపడును. తిశ్రగతిలో నడచు పాటను చతురశ్రపు పాటపై దింపినచో వేగము సరిపోయినను నడక సరిపోదు. ఇట్టి చోట్ల మన చెవియే దిక్కు. ఈ సందర్భములందు పాటను పాటపై నెక్కింపక, ఒకదాని చివర రాగము తేలిపోవుచుండగా రెండవదాని యెత్తుగడ నెమ్మదిగా వినిపించుట మర్యాద. ఎచ్చట కలుపరాదో తెలిసికొనుటయు ఈ విద్యలోని భాగమే.

నేటి సాఫ్టువేరులలో 'సింకు' అను మీట కలదు. దానిని నొక్కినచో రెండు పాటల వేగమును యంత్రమే సరిచేయును. ఇది వచ్చిన తరువాత విద్యకు విలువ పోయినదని పాతవారు నొచ్చుకొందురు. బెంజ్ సర్కిల్ వద్ద బందరు రోడ్డును, చెన్నై-కోల్‌కతా రహదారియు కలియుచున్నవి. పూర్వము నలువైపుల బండ్లును ఒక్క కూడలిలోనికి వచ్చి పడుచుండెను. పోలీసువాని చేయి చూచి కదలవలసి యుండెను. ఇప్పుడు దూరప్రయాణపు బండ్లు ఫ్లైఓవరు మీదుగా పోవుచున్నవి. అంతమాత్రమున ఆ కూడలిలో బండి నడుపువాడు కన్నులు మూసికొనవచ్చునా? క్రింద తిరుగు వీథులు, అడ్డము వచ్చు మనుష్యులు ఎప్పటివలెనే యున్నారు. సింకు మీట వేగమును కలుపును. ఏ పాట వెనుక ఏ పాట రావలెనో, సభలో అలసినవారెవ్వరో, అమ్మమ్మ కోరిన పాట ఎప్పుడు వేయవలెనో అది చెప్పదు.

ఇటీవల పటమటనుండి యొక సోదరి మాకు వ్రాసినారు. కళాశాలలో చదువుచున్న ఆమె రెండవ కుమార్తె ఈ సాఫ్టువేరులలో నొకదానిని రెండేండ్లుగా ఇంట అభ్యసించుచున్నదట. అక్క పెండ్లిలో పాటలు తానే కలుపుదునని పట్టుపట్టుచున్నది. మేనత్తలు "ఆడపిల్ల డీజే యగుటయా! పెండ్లివారేమనుకొందురు?" అని యాక్షేపించుచున్నారట. మేనమామ మాత్రము, "వ్యానును మాటలాడినాను, అదియుండగా దీనితో పనియేమి?" అనుచున్నారట. తల్లి యిరువురి నడుమ నలిగి మా యభిప్రాయ మడిగినారు.

ఆ తల్లికి మేము చెప్పునది యిది. అమ్మాయి రెండేండ్లు ఇంట హెడ్‌ఫోను పెట్టుకొని నేర్చినది పాటలు ఎంచుట, లెక్కించుట, ఓపికతో వినుట. ఇందు అమర్యాద ఏమియు లేదు. ఒకప్పుడు రేడియో మైకు ముందు కుటుంబస్త్రీలు పాడుటనే వింతగా చూచినవారుండిరి. 1948 డిసెంబరు 1వ తేదీన ప్రారంభమైన విజయవాడ రేడియో కేంద్రమున శ్రీరంగము గోపాలరత్నముగారివంటి విదుషీమణులు పాడగా, ఉదయమున ఇంటింట ఆ కంఠము వినుట భాగ్యముగా నెంచితిమి. బెంజ్ సర్కిల్ సమీపముననే 1962లో మారిస్ స్టెల్లా మహిళా కళాశాల వెలసినది. ఆడపిల్లలకు కళాశాల చదువేల యన్నవారును అప్పుడు లేకపోలేదు. యంత్రము ముందు కూర్చుండుట వలన పిల్ల మర్యాద తగ్గదు. పెండ్లిపందిరిలో ఆమె కూర్చుండు చోటు ఇంటివారి కన్నుల ముందుండునట్లును, సహాయమునకు అన్నయో తమ్ముడో ఉండునట్లును చూచుకొనుట పెద్దల బాధ్యత. పరీక్షలు దగ్గఱ నున్నచో చదువే ముందు. ఈ రెండు షరతులతో ఒప్పుకొనుడని మా సలహా. మేనమామగారు మాటలాడిన వ్యానును మాత్రము వలదనుడు. ఎందువలననో వివరింతుము.

మన దేశమున 2000 సంవత్సరపు శబ్దకాలుష్య నిబంధనల ప్రకారము నివాసప్రాంతములలో పగలు 55 డెసిబెల్సు, రాత్రి 45 డెసిబెల్సు పరిమితి. ఆసుపత్రులు, విద్యాసంస్థలు, న్యాయస్థానముల చుట్టు నూఱు మీటర్ల వఱకు నిశ్శబ్దప్రాంతముగా ప్రకటింపవచ్చును. అచ్చట పగలు 50, రాత్రి 40. రాత్రి పది గంటలనుండి ఉదయము ఆఱు గంటల వఱకు బయలుప్రదేశములలో లౌడుస్పీకరులు మ్రోగింపరాదు. 2005 జూలైలో సుప్రీముకోర్టు ఈ నిషేధమును గట్టిగా స్థిరపఱచినది. డెసిబెల్సు లెక్క సామాన్యపు కూడిక కాదు. పది హెచ్చినచో ధ్వనిశక్తి పదిరెట్లగును. ముప్పది హెచ్చినచో వేయిరెట్లగును. కావున 55 ఉండవలసినచోట 85 ఉన్నచో అది ఒకటిన్నర రెట్లు కాదు, వేయిరెట్లు. ప్రపంచ ఆరోగ్యసంస్థ పెద్దల చెవికి 80 డెసిబెల్సు ధ్వని వారమునకు 40 గంటలకు మించరాదనియు, పిల్లలకు 75కు మించక యుండుట మేలనియు చెప్పుచున్నది. నూఱు డెసిబెల్సు వద్ద చెవికి క్షేమకాలము దినమునకు పదునైదు నిమిషములే. ఊరేగింపులో పెట్టెల ప్రక్కనే నడచు చిన్నపిల్లల సంగతి తల్లులు ఆలోచింపవలెను. 2024 అక్టోబరులో హైదరాబాదు నగర పోలీసులు మతసంబంధమైన ఊరేగింపులలో డీజే పెట్టెలను నిషేధించిరనగా జనులెంత విసిగిరో తెలియుచున్నది.

వ్యానులోని పెట్టెలకు ఈ విద్యతో పని లేదు. ముందే కుట్టియుంచిన పాటను మీట నొక్కి విడిచినను అవి యంతే మ్రోగును. అట్టి మ్రోతలో రెండు పాటల కలయిక చక్కగా నున్నదో లేదో ఎవ్వరికి వినబడును? మిక్సింగు వినబడవలెనన్నచో ధ్వని మితముగా నుండవలెను. ఇంట నేర్చిన పిల్లకు ఇది సహజముగా తెలియును. ఆమె మొదటినుండియు తాతగారి నిద్ర చెడకుండ నేర్చుకొన్నది.

పెండ్లికి ఈ పని తలపెట్టువారికి కొన్ని సూచనలు. మొదట ఇంటి పెద్దలను, వియ్యాలవారిని అడిగి పాటల జాబితా వ్రాసికొనవలెను. మాంగల్యధారణ సమయమున సన్నాయిమేళమునకే చోటు విడువవలెను. కంప్యూటరు అప్పుడు మౌనము వహించుట శోభ. పాటలను వేగము ననుసరించి మూడు నాలుగు గుంపులుగా విడదీసి, భోజనవేళ నెమ్మదైనవి, సాయంకాలపు ఆటపాటలకు వడిగలవి ఉంచవలెను. ఒక్కొక్క కలయికను ఇంట పదిమార్లు చేసి చూడవలెను. పందిరిలో చివరి వరుసనున్న ముసలమ్మ ప్రక్కనున్నవారితో గొంతు హెచ్చింపక మాటలాడగలుగుచున్నదా యని చూచినచో ధ్వని మితమో అమితమో తెలిసిపోవును. అభ్యాసకాలమున హెడ్‌ఫోను ధ్వనియు సగమునకు మించకుండుట మేలు. గంటకొకసారి చెవికి విశ్రాంతి నీయవలెను. విద్యుత్తు పోయినచో ఏమి చేయవలెనో ముందే యోచింపవలెను.

పాటల హక్కులను గుఱించియు కొందఱకు సందేహము కలదు. 1957 నాటి కాపీరైటు చట్టపు 52వ సెక్షను, వివాహపు ఊరేగింపులలోను, వివాహసంబంధమైన ఉత్సవములలోను పాటలు వినిపించుటను హక్కుల యుల్లంఘనముగా నెంచదు. కేంద్రప్రభుత్వము 2023 జూలైలో దీనిని మరల జ్ఞాపకము చేసినది. కాని కలిపిన పాటలను ఇంటర్నెట్టులో పెట్టుటయు, అమ్ముటయు వేఱు సంగతి. ఆ పనికి హక్కుదారుల యనుమతి కావలెను. ఈ భేదమును పిల్లలకు మొదటనే చెప్పుట మంచిది.

ఈ విద్య నేర్చిన ప్రతి బాలికయు దానినే వృత్తిగా గైకొనవలెనని మేమనుట లేదు. హార్మోనియము నేర్చినవారందఱు కచేరీలు చేయుచున్నారా? ఐనను పది యిండ్లలో చెవి సంస్కారము గలవారు తయారైనచో, పెండ్లిమాటలప్పుడు "పెట్టెలెన్ని?" యని యడుగువారు తగ్గి, "పాటలెవరు కలుపుదురు?" అని యడుగువారు పుట్టుదురు. వ్యానును మాటలాడు సొమ్ము ఇంటిలో మిగులును. వీధిలోని చంటిబిడ్డ నిదురపోవును. ఎదుటి మేడలోని రోగి యా రాత్రి సుఖముగా గడపును. పెండ్లి ముహూర్తములు వచ్చుచున్నవి. ఇంట కంప్యూటరు గల సోదరీమణులు, మగపిల్లలకని ఆడపిల్లలకని భేదము చూపక, ఈ విషయమును తమ వారితో ముచ్చటించి, తగిన నిర్ణయము చేయుదురు గాక.